హైమన్‌డార్ఫ్ గిరిజన గ్రంథములు: వత్తల్‌మలై దృష్టితో ఒక విమర్శ

ధర్మపురి ప్రాంతపు తెలుగువారికి వత్తల్‌మలై సమీపమందలి కొండ. సెలవు దినములందు చల్లదనమునకై దానిని ఎక్కుదురు. అచ్చట పండిన మిరియములను, కాఫీగింజలను కొందురు. ఆ కొండపై తరతరములుగా నివసించుచున్న మలయాళీ గిరిజనులనుగూర్చి మాత్రము మైదానమువారు ఎరిగినది స్వల్పము. ఈ పేరునకు కేరళదేశముతో సంబంధము లేదు. ‘మలై’ యనగా కొండ. మలయాళి యనగా కొండవాడు. వీరి పూర్వులు కాంచీపురమునుండి కొండలకు వలసవచ్చిరను ఐతిహ్యమును 1909లో ప్రకటితమైన ఎడ్గార్ థర్‌స్టన్ గారి దక్షిణదేశ కులజాతుల గ్రంథము పేర్కొన్నది. సేర్వరాయన్, కొల్లి, కల్రాయన్, జవ్వాది కొండలందలి మలయాళీలవలెనే వీరును తమిళమే మాట్లాడుదురు.

సామలు, రాగులు పండిన వాలులలో నేడు కాఫీతోటలును, మిరియపు తీగెలును కనవచ్చుచున్నవి. బాట వచ్చినది, బాటతోపాటు బజారు వచ్చినది. కొండ మారినదని చూచినవారందరును అందురు. ఆ మార్పు ఎవరి నిర్ణయమున కలిగినది, అందు కొండవానికి లభించిన దేమి, అతడు కోల్పోయిన దేమి అను ప్రశ్నలు మాత్రము అరుదుగా వినబడును. ఇట్టి ప్రశ్నలను ఎట్లు అడుగవలెనో తెలిసికొనుటకు తెలుగుదేశమునందే ఒక గొప్ప నిదర్శనము కలదు. వత్తల్‌మలై తూర్పు కనుమల దక్షిణభాగమునకు చెందినది. ఆ కనుమలనే వెంబడించి ఉత్తరమునకు పోయినచో కృష్ణాతీరమున నల్లమలయు, గోదావరీతీరమున పాపికొండలును ఎదురగును. ఆ రెండుచోట్లను, అటుపిమ్మట ఆదిలాబాదు అడవులందును గిరిజనులతో కలిసి నివసించి, వారి జీవితమును, చుట్టునున్న ప్రకృతియందలి మార్పును నలువది సంవత్సరములపాటు గమనించిన మానవశాస్త్రవేత్త క్రిస్టొఫ్ ఫాన్ ఫ్యూరర్ హైమన్‌డార్ఫ్. ఆయన గ్రంథముల గుణదోషములను విచారించి, వానినుండి వత్తల్‌మలై చెంతనున్న తెలుగువారు గ్రహింపదగిన దేమో చూపుట ఈ వ్యాసమున కుద్దేశము.

రచయిత, రచనలు

హైమన్‌డార్ఫ్ 1909లో వియన్నా నగరమున జన్మించిరి. అచ్చటి విశ్వవిద్యాలయమున చదివి, లండనులో మలినౌస్కీ పండితుని గోష్ఠులలో పాల్గొని, 1936–37లో నాగాకొండలందు మొదటి పరిశోధన సాగించిరి. 1939లో ఆయన తిరిగి భారతదేశమునకు వచ్చినంతట రెండవ ప్రపంచయుద్ధ మారంభమైనది. జర్మన్ పాస్‌పోర్టు గలవాడగుటచే బ్రిటిషు ప్రభుత్వము ఆయనను శత్రుదేశీయునిగా పరిగణించి, సంచారమును హైదరాబాదు సంస్థానమునకు పరిమితము చేసినది. ఆ నిర్బంధమే తెలుగుదేశమునకు మేలైనది. 1940లో అమ్రాబాదు పీఠభూమి చెంచులయొద్దను, మరుసటి యేట గోదావరీతీరపు కొండరెడ్లయొద్దను, ఆపైన ఆదిలాబాదు రాజగోండులయొద్దను ఆయన నివసించిరి. సహధర్మచారిణి ఎలిజబెత్ ఈ సంచారములన్నింటను తోడుగా నుండిరి.

ఈ కృషికి ఫలముగా చెంచులపై 1943లోను, కొండరెడ్లపై 1945లోను, రాజగోండులపై 1948లోను మూడు సంపుటములు వెలువడినవి. ప్రభుత్వమునకు సమర్పించిన నాలుగు నివేదికలు ‘ట్రైబల్ హైదరాబాద్’ అను పేర 1945లో అచ్చయినవి. ఆయన నైజాము ప్రభుత్వమునకు గిరిజన వ్యవహారముల సలహాదారుగను, ఉస్మానియా విశ్వవిద్యాలయమున ఆచార్యులుగను పనిచేసి, 1949లో లండనులోని ప్రాచ్య ఆఫ్రికా విద్యాసంస్థకు చేరిరి. 1976లో అచ్చట పదవీవిరమణ చేసినపిమ్మట మరల ఆదిలాబాదునకు వచ్చి, పాతగ్రామములనే తిరిగి పరిశీలించిరి. తత్ఫలితములు 1979లో వెలువడిన గోండుల గ్రంథమును, మైకేల్ యార్క్, జయప్రకాశరావు గార్ల సహకారముతో 1982లో వెలువరించిన ‘ట్రైబ్స్ ఆఫ్ ఇండియా: ది స్ట్రగుల్ ఫర్ సర్వైవల్’ అను గ్రంథమును. ఆయన 1995లో దివంగతులైరి.

ఈ రచనలను వేరువేరుగా చదివినచో ఒక్కొక్కటి ఒక్కొక తెగనుగూర్చిన వర్ణనగా తోచును. కాలక్రమమున చదివినచో రచయిత దృష్టియందలి పరిణామము కనబడును. ఈ విమర్శకు ఆధారము ఆ పరిణామమే.

చెంచులు: మారనివారిగా చూచిన తొలిదృష్టి

1943 నాటి చెంచుగ్రంథము పరిశీలనమున సునిశితమైనది. పెంటలలో ఆకుగుడిసెలు కట్టుకొని, ఋతువు ననుసరించి నీటియొద్దకును, పండ్లచెట్లయొద్దకును తరలుచు, త్రవ్వుకోలతో గడ్డలు త్రవ్వి, ఇప్పపూవు ఏరి, కొండచరియలనుండి త్రాళ్లపై వ్రేలాడి తేనె దించు జీవనము ఆ గ్రంథమున పూసగ్రుచ్చినట్లు వర్ణింపబడినది. ఒక్కొక్క జనసమూహమునకు తన మేరలుగల అడవి యుండుటయు, ఆ మేరలను వాగులును కొండలును నిర్ణయించుటయు ఆయన స్పష్టముగా చూపిరి. ఎవరిదియుగాని శూన్యారణ్యముగా మైదానమువారు తలచినది చెంచుల లెక్కలో హక్కుదారులుగల భూమియే యని దీనివలన తేలినది. ఇది ఆ గ్రంథమునకు ముఖ్యమైన గుణము.

దోషము సిద్ధాంతభాగమున కలదు. వియన్నాలో నేర్చిన సంస్కృతీస్తరముల వాదము ననుసరించి, చెంచులు వ్యవసాయమునకు పూర్వపుదశను నిలుపుకొన్న అతిప్రాచీన జనులని ఆయన భావించిరి. ఇట్టి భావనలో కాలము అడవివెలుపల గడచుచు, అడవిలోపల నిలిచిపోవును. ఆయన స్వయముగా సేకరించిన వివరములే ఈ భావమునకు అడ్డువచ్చును. చెంచుల త్రవ్వుకోలకు ఇనుపమొన కలదు. ఆ ఇనుము మైదానపు కమ్మరినుండి రావలసినదే. తేనెయు, అడవిసరుకులును బజారునకు పోయి ధాన్యముగను, వస్త్రముగను తిరిగివచ్చును. చెంచులు మాట్లాడునది తెలుగు. అహోబిల నరసింహుడు చెంచులక్ష్మిని పరిణయమాడిన కథ మైదానమున నెంత ప్రసిద్ధమో చెంచులయందును అంత ప్రసిద్ధము. శ్రీశైల మల్లికార్జునునితో వారికిగల బంధుత్వపు ఐతిహ్యమును అట్టిదే. ఇన్ని రాకపోకలుగల జనమును ఆదిమావస్థకు అవశేషముగా చూచుట చరిత్రను విస్మరించుటయే.

ఆ దృష్టికి ఫలితము లేకపోలేదు. చెంచులకై ఒక ప్రత్యేకప్రాంతమును నిర్ణయింపవలెనని ఆయన ప్రభుత్వమునకు సిఫారసు చేయగా, అది అంగీకరింపబడినది. ఉద్దేశము మంచిదే. కాని ఒక జనము మారకుండుటయే దాని విశిష్టత యన్నచో, రక్షణ యనునది ప్రదర్శనశాలయందలి వస్తువును కాపాడుటవంటిది కాగలదు. నల్లమల తదనంతరచరిత్రయం దీ సంగతి తేటపడినది. 1983లో నాగార్జునసాగర్–శ్రీశైలము పులుల అభయారణ్య మేర్పడినప్పుడు చెంచులు తమ అడవియందే అనుమతి కోరవలసినవారైరి. 2019లో అమ్రాబాదు అడవులందు యురేనియము అన్వేషణ ప్రస్తావన రాగా, చెంచులతోపాటు మైదానజనులును ప్రతిఘటించిరి. ఆ సంవత్సరమే తెలంగాణ శాసనసభ దానికి వ్యతిరేకముగా తీర్మానించినది. మారని జనుల భూమియని యెవరెంత వర్ణించినను, భూమిని మార్చు నిర్ణయములు వెలుపలనుండియే వచ్చుచున్నవి.

కొండరెడ్లు: పోడు, కలప, అప్పు

రెండవ గ్రంథమున ఉపశీర్షికయే మారినది. కొండరెడ్ల గ్రంథమును రచయిత సంస్కృతీసంపర్క పరిశీలనమని పేర్కొనిరి. ఇచ్చట కొండయు, నదియు, బజారును ఒక్కచోట కలిసియున్నవి. నాగలి సాగని నిటారువాలులందు రెడ్లు చెట్లు నరికి, కాల్చి, బూడిదమీద కోలతో గుంటలు పొడిచి విత్తనము వేయుదురు. రెండు మూడు సంవత్సరములు పండినపిమ్మట ఆ నేలను వదలి వేరొకచోటికి పోదురు. వదలిన నేల మరల అడవియగును. ధాన్యము చాలని మాసములందు జీలుగుచెట్టు మజ్జయు, మామిడిటెంకల పిండియు వారికి ఆహారము. ఇదియే పోడు వ్యవసాయపు ప్రాణసూత్రము: సాగుకంటె విశ్రాంతికాలము దీర్ఘముగా నుండవలెను.

పోడును అడవికి శత్రువుగా నెంచుట మైదానపు తెలుగువారికి అలవాటు. హైమన్‌డార్ఫ్ వర్ణనను నిదానముగా చదివినచో ఈ అభిప్రాయము సవరింపవలసివచ్చును. నేల విశాలముగా నున్నంతకాలము వదలిన పోడు తిరిగి అడవియగుచుండెను. మంచి అడవిని ప్రభుత్వము రిజర్వుచేసి హద్దురాళ్లు పాతినపిమ్మట మిగిలిన కొద్దినేలకే రెడ్లు మాటిమాటికి తిరిగి రావలసినవారైరి. చెట్లు పూర్తిగా ఎదుగకముందే మరల నరకబడెను. నేల వర్షమునకు కొట్టుకొనిపోయెను. అప్పుడు కనబడిన బోడివాలును చూపి, పోడు అడవిని నాశనము చేయునని తీర్పు చెప్పుట సులభమైనది. చుట్టుప్రక్కల మన్యము చరిత్రయు ఈ క్లేశమునకు సాక్షి. 1882 నాటి మదరాసు అటవీశాసనమును ఆధారముచేసికొని పోడును నిర్బంధించుట, 1922–24లో అల్లూరి సీతారామరాజు నాయకత్వమున జరిగిన రంపపితూరీకి ఒక ముఖ్యకారణము.

ఈ గ్రంథమున అన్నిటికంటె బలమైన భాగము కలపవ్యాపారమును గూర్చినది. వెదురు, కలప నరికించి గోదావరిపై దిగువకు తేలించు గుత్తేదారులు రెడ్లకు ముందుగా కొంత యిచ్చి, ఆ బాకీ యెన్నటికిని తీరని విధముగా లెక్కలు వ్రాసిరి. విత్తవలసిన వేళ రెడ్డి అడవిపనికి పోవలెను. పంట చెడిన పిమ్మట మరల అప్పునకై గుత్తేదారునియొద్దకే పోవలెను. అడవి తరుగుటయు, పొలము పాడగుటయు, మనుష్యుడు బానిసయగుటయు ఒకే వ్యవహారమునకు మూడు ముఖములుగా ఇచ్చట కనబడును. ఆ బాకీపుస్తకములు వ్రాసినవారు తెలుగువారే. ఈ సంగతిని గ్రంథము దాచలేదు, తెలుగుపాఠకులును దాచుకొనరాదు. ఇటీవల పోలవరము జలాశయముక్రిందికి కొండరెడ్ల, కోయల గ్రామములెన్నో వచ్చినవి. 2014లో ఆ ప్రణాళికకు జాతీయహోదా కలిగినది. గోదావరినీరు ఎందరికో అన్నము పెట్టును. ఆ అన్నమునకై ఊళ్లు వదలినవారి పేరులు ఆయకట్టుదారుల లెక్కలలో కానరావు.

గోండులు: నేలయు, కాగితమును

ఆదిలాబాదు గోండులు నాగలి పట్టిన వ్యవసాయదారులు. వారిలో పూర్వము రాజులు, కోటలు, సంస్థానములు ఉండెను. వారి కథలను పరంపరగా గానముచేయు ప్రధానులు కలరు. వీరినిగూర్చి వ్రాయునప్పుడు ఆదిమావస్థ వాదము చెల్లదు; హైమన్‌డార్ఫ్ దృష్టి ఇచ్చటనే పూర్తిగా పరిపక్వమైనదని చెప్పవచ్చును. 1940లో కుమ్రం భీము జోడేఘాటులో ప్రభుత్వబలములతో పోరాడి మరణించెను. ఆ అలజడికి కారణము లేమో తెలిసికొనగోరిన ప్రభుత్వమే హైమన్‌డార్ఫ్ పరిశీలనలకు తోడ్పడినది.

ఆయన కనుగొన్న కారణము కాగితములయందుండెను. గోండుల తేలికనేలలు కొన్నియేండ్లు దున్నినపిమ్మట కొన్నియేండ్లు బీడుగా వదలవలసినవి. అటవీశాఖవారు హద్దులు గీసినప్పుడు దున్నుచున్న నేలను మాత్రము పొలముగా వ్రాసికొని, విశ్రాంతిలోనున్న బీడును అడవిగా వ్రాసికొనిరి. దానితో గోండు తన పొలములో సగమును ఒక్కదినమున కోల్పోయెను. మిగిలిన సగము విశ్రాంతి లేక సారము నశించెను. లోయలందలి నల్లరేగడి భూమికి పట్టా పొందుట యెట్లో గోండు ఎరుగడు. బాటలు, రైలు వచ్చినపిమ్మట వెలుపలనుండి వచ్చినవారు ఎరుగుదురు. పట్వారీ కలము వారివైపు కదలెను.

ప్రకృతి మారుటకు ఎండవానలును, గొడ్డలియు, నిప్పును మాత్రమే కారణములని తలచు విద్యార్థి ఈ భాగమును తప్పక చదువవలెను. ఒక పుటయందలి ఒక గీత కొండవాలును ఎట్లు బోడిచేయగలదో ఇందు దశలవారీగా తెలియును. ఈ నివేదికల ఫలితముగా గోండులకు భూములు పట్టా యిచ్చు కార్యక్రమము సాగినది; గిరిజనప్రాంతములకు ప్రత్యేకశాసనము 1946లో వచ్చినది. మార్లవాయి గ్రామమున 1943లో ఉపాధ్యాయశిక్షణకేంద్రము వెలసినది. ఆ కార్యమున సేతుమాధవరావు పగడి గారి కృషియు స్మరణీయము.

పునర్దర్శనము

మానవశాస్త్రజ్ఞులలో పలువురు ఒక గ్రామమున ఒకటి రెండు సంవత్సరములుండి, గ్రంథము వ్రాసి, మరల అటు చూడరు. అట్టి గ్రంథమున గ్రామము ఛాయాచిత్రమువలె నిలిచిపోవును. హైమన్‌డార్ఫ్ ముప్పదియైదేండ్ల తరువాత తిరిగివచ్చి తన పాతమాటను తానే పరీక్షించుకొనిరి. 1982 గ్రంథమున ఆయన వ్రాసిన ఆదిలాబాదు అధ్యాయములు నిరాశతో కూడినవి. 1959 నాటి భూబదిలీ నిబంధన 1963లో తెలంగాణకు విస్తరింపబడినది. 1970లో మరింత కఠినముగా సవరింపబడినది. అయినను భూములు చేతులు మారుచునే యుండెను. తాము ముందుండి ఇప్పించిన పట్టాభూములును కొన్ని పోవుటను ఆయన కన్నులార చూచిరి. ఆ గ్రంథము వెలువడుటకు ముందటి యేడే, 1981 ఏప్రిల్ 20న, ఇంద్రవెల్లిలో భూమిసమస్యలపై సభకు గుమిగూడిన గోండులపై పోలీసులు కాల్పులు జరిపిరి.

తొలినాటి రచనలలో మంచి అధికారి యొకడు దొరికినచో అంతయు చక్కబడునను విశ్వాసము కనబడును. తాము సలహాదారుగా నున్న ప్రభుత్వమే హద్దురాళ్లు పాతిన ప్రభుత్వమను సంగతిని అందు మృదువుగానే పలికిరి. పట్వారీలను, అటవీకావలివారిని విమర్శించినంతగా పైవారిని విమర్శింపలేదు. ఇది ఆ రచనలకు ఒక పరిమితి. 1982 నాటికి ఈ విశ్వాసము సడలినది. శాసనము పుస్తకమున నుండుట వేరు, గిరిజనుని పొలమునందు నిలుచుట వేరు అని ఆయన గ్రహించిరి. నిజమునకు తలవంచి తనను తాను సవరించుకొనుట విద్వాంసునకు శోభయే.

అదే గ్రంథమున అరుణాచలమునందలి ఆపతానీలతో గోండులను పోల్చిరి. 1873 నాటి సరిహద్దు నిబంధన వెలుపలివారిని అచ్చట స్థిరపడనీయలేదు. అందువలన ఆపతానీలు వర్ధిల్లిరి, గోండులు క్షీణించిరి అని సారాంశము. పోలిక ఉపయోగకరమే, నిర్ణయము మాత్రము సంపూర్ణము కాదు. ఆపతానీల వరిమళ్లకును, వెదురుతోపులకును తరతరములుగా గుర్తింపబడిన యజమానులు కలరు. ఏ కాగితమును ఆ హక్కును తుడిచివేయలేదు. వారిని కాపాడినది దూరమా, హక్కా అను ప్రశ్నను రచయిత తగినంతగా విడదీయలేదు. ఈ విభజన అవసరము. దూరమే రక్షణయైనచో బాట పడిన ప్రతి కొండకును ఆశ లేదు. హక్కే రక్షణయైనచో బాట పడినను కొండవాడు నిలువగలడు. గోండుల అధ్యాయములే ఈ రెండవ పక్షమునకు బలము చేకూర్చుచున్నవి. 2006 నాటి అటవీహక్కుల శాసనము వ్యక్తిసాగుహక్కుతోపాటు గ్రామసమష్టి అటవీహక్కును గుర్తించుటయు ఈ దారిలోనిదే.

భాషనుగూర్చిన ప్రశ్న

తమిళనాటి తెలుగువారు ఈ గ్రంథములలో విశేషముగా చదువవలసినది మార్లవాయి పాఠశాలల వృత్తాంతము. గోండుబాలురకు మొదట గోండీభాషలోనే చదువు చెప్పవలెనని హైమన్‌డార్ఫ్ పట్టుబట్టిరి. స్వయముగా గోండీ నేర్చిరి. దేవనాగరిలిపిలో గోండీవాచకములు తయారైనవి, గోండుయువకులే ఉపాధ్యాయులైరి. చదువవ్రాయ నేర్చిన గోండు పట్టాకాగితమును తానే చదువుకొనగలడు. అట్టివానిని పట్వారీ సులభముగా మోసగింపజాలడు. భాషయు భూమియు ఇట్లు ముడిపడినవి. కాలక్రమమున గోండీవాచకములు మరుగునపడి, తెలుగు బోధనభాష యైనది.

2006 నాటి తమిళ అభ్యసనశాసనము తరువాత తమిళనాటి తెలుగుపాఠశాలలు ఎదుర్కొన్న చిక్కులు ఇచ్చటి తెలుగు కుటుంబములకు తెలిసినవే. మాతృభాషలో చదువు కావలెనని ధర్మపురి, కృష్ణగిరి, హోసూరు తెలుగువారు అడుగుట న్యాయము. అదే న్యాయమును ఆదిలాబాదులో గోండు అడిగినప్పుడు అతని యెదుట నిలిచినది తెలుగే. ఒకచోట అల్పసంఖ్యాకులమని వాపోవు జనము మరియొకచోట బలవంతులగుట సంభవమని ఈ గ్రంథములు నిష్కర్షగా తెలుపుచున్నవి. సంఘముల సంచికలలో సాధారణముగా ఈ మాట చోటుచేసికొనదు. చోటుచేసికొనుట తెలుగునకు గౌరవహానియు కాదు. తన హక్కును కోరువాడు పొరుగువాని హక్కును గుర్తించినప్పుడే ఆ కోరికకు నైతికబలము చేకూరును.

భాషావిషయమున హైమన్‌డార్ఫ్ గ్రంథములకు ఒక లోపమును కలదు. చెంచులును, కొండరెడ్లును తెలుగు మాట్లాడువారే. గడ్డలకు, తేనెటీగలకు, నేలలకు, వాలులకు వారికిగల మాటలు తెలుగు నిఘంటువులను సంపన్నము చేయదగినవి. ఆంగ్లమున వెలువడిన ఆ గ్రంథములందు వారి సంభాషణ చాలవరకు ఆంగ్లార్థముగా మిగిలినది. ఇందుకు రచయితను మాత్రమే నిందింపరాదు. తమ భాషయందలి ఈ సంపదను సేకరించుట తెలుగు విద్వాంసుల విధి. అడవి తరిగినకొలది ఆ మాటలను పలుకు అవసరమును తరుగును. చెట్టు లేనిచోట దాని పేరు పిల్లలకు అందదు.

మరియొక లోపము: ఆయన మనుష్యులనుగూర్చి చూపిన సూక్ష్మత ప్రకృతినిగూర్చి అంతగా చూపలేదు. ఏ వాలున ఏ చెట్లు తరిగినవి, బీడుకాలము ఎన్నియేండ్లనుండి ఎన్నియేండ్లకు కుదించుకుపోయినది అను వివరములు క్రమముగా నమోదైయుండినచో, నేటి పరిశోధకునకు పోల్చిచూచుటకు గట్టి ఆధారము లభించియుండెడిది.

వత్తల్‌మలైకి అన్వయము

ఇప్పుడు మరల వత్తల్‌మలైకి వత్తము. ఈ కొండ చూచుటకు పచ్చగా నున్నది. కాఫీకి నీడ కావలెను గనుక చెట్లు నిలిచియుండును. అందుచేత ఇచ్చట ప్రకృతి చెడలేదని మైదానమువాడు తృప్తిపడవచ్చును. హైమన్‌డార్ఫ్ గ్రంథములు చదివినవాడు అంత త్వరగా తృప్తిపడడు. సామచేను పోయి కాఫీతోట వచ్చినప్పుడు పచ్చదనము మిగిలినను, తిండిగింజ ఇంటినుండి అంగడికి మారును. సామలు పండించువాడు ధర పడిపోయినను తిని బ్రతుకును. కాఫీ పండించువాడు ధర పడిపోయినచో బియ్యము కొనలేడు. పొరుగుననున్న కొల్లికొండల అనుభవము ఇందుకు హెచ్చరిక. అచ్చటి మలయాళీల సామ, కొర్ర, రాగి చేలు సేలము సగ్గుబియ్యపు కార్ఖానాలకు కావలసిన కర్రపెండలమునకు చోటిచ్చినవి. ఆ చిరుధాన్యములను మరల నిలువబెట్టుటకు ఎం.ఎస్. స్వామినాథన్ పరిశోధనాసంస్థ 1990ల నుండి కృషి చేయవలసివచ్చినది.

కాఫీ చెడ్డదని దీని యర్థము కాదు. కొండవానికి రొక్కము రాకూడదని కోరుట, చెంచుగ్రంథమున కనబడిన పాతదోషమునే తిరిగిచేయుట. కొండవాడు మారకుండవలెనని శాసించు అధికారము మైదానమువానికి లేదు. అడుగవలసిన ప్రశ్నలు వేరు. కాఫీ వేయుట ఎవరి నిర్ణయము? తోటభూమికి పట్టా ఎవరి పేరనున్నది? ధర నిర్ణయించువాడు కొండపై నున్నాడా, దిగువ నున్నాడా? ముందుగా డబ్బు ఇచ్చి పంటను కట్టివేయు పద్ధతి కలదా? నీడకై నాటినవి వెండిఓకు చెట్లా, పూర్వమునుండి కొండపై నున్న చెట్లా? సెలవుదినములకై వచ్చువారికొరకు వసతులు కట్టినచో ఆ నేల ఎవరిది? గ్రామమునకు సమష్టి అటవీహక్కు దక్కినదా? కొండరెడ్ల బాకీపుస్తకమును, గోండుల పట్టాకాగితమును చదివినవానికి ఈ ప్రశ్నలు సహజముగా తోచును.

ఇట్టి పరిశీలనకు మైదానపు తెలుగుయువకులు అనర్హులు కారు. తమిళమును ఇంటిభాషతో సమానముగా మాట్లాడగలరు; సామలు, రాగులు వారి వంటయింటికిని పరిచితములే. ఒక్కొక్క ఊరిలో వృద్ధులనడిగి పూర్వము విత్తిన ధాన్యముల పేరులు, నేల వదలిన కాలము, వానరాక గుర్తులు, చెట్లకును వాగులకును గల పేరులు మలయాళీల తమిళముననే యథాతథముగా వ్రాసికొనవలెను. ఆ వివరములను రెవిన్యూ, అటవీశాఖల దస్తావేజులతో పోల్చవలెను. హైమన్‌డార్ఫ్ పద్ధతి ననుసరించి పదియేండ్లకు మరల వెళ్లి చూడవలెను. ఆయనకంటె ఒక మెట్టు మీదికెక్కి, వ్రాసిన దానిని మొదట కొండవారికే తమిళమున చదివి వినిపించి, వారు తప్పన్నదానిని దిద్దవలెను.

మార్లవాయిలో ఎలిజబెత్ గారి సమాధి కలదు. ఆ చెంతనే హైమన్‌డార్ఫ్ గారి అస్థికలును నిక్షిప్తమైనవి. గోండులు అచ్చట ఏటేట వారిని స్మరింతురు. వియన్నానుండి వచ్చిన పరదేశికి ఆ గ్రామమున ఇంతటి ఆదరము లభించుటకు ఆయన సిద్ధాంతములు కారణము కావు. వారి భాష నేర్చుకొనుటయు, వారి భూమి కాగితములను చదివి ప్రభుత్వము నెదుట వారిపక్షమున మాట్లాడుటయు, వార్ధక్యమునను మరలివచ్చుటయు కారణములు. వత్తల్‌మలై ధర్మపురినుండి ఒక్క పూటలో పోయిరాదగిన దూరమున నున్నది.